ఎడిటింగ్ గదిలోకి వెళ్లాలంటే: సినిమా, టీవీ ఎడిటర్ కావాలనుకునేవారికి

ఎడిటింగ్ నేర్చుకుంటానని నా దగ్గరికి వచ్చేవాళ్లను ఈ మధ్య చూసిన సినిమా పేరు చెప్పమంటాను. చెప్పగానే "అందులో మీకు ఎక్కడ విసుగు పుట్టింది?" అని అడుగుతాను. "సెకండాఫ్ కాస్త ల్యాగ్ సార్" అంటారు చాలామంది. సెకండాఫ్‌లో ఎక్కడ? పాటకు ముందా, తర్వాతా? ఎవరు మాట్లాడుతుండగా మీ చెయ్యి ఫోను మీదికి వెళ్లింది? ఇక్కడికి వచ్చేసరికి ఆగిపోతారు. తడబడుతూనైనా జవాబు వెతుక్కున్నవాళ్లను మర్నాడు రమ్మంటాను. ఏ సాఫ్ట్‌వేర్ వచ్చు అనే ప్రశ్న ఆ తర్వాతే.

ప్రేక్షకుడికి ఒకచోట విసుగు పుడితే లోపం అక్కడే ఉండాలని లేదు. ఆసుపత్రి సన్నివేశం సాగుతోందని అందరూ అంటారు. దాన్ని రెండు నిమిషాలు కోసినా మళ్లీ సాగుతోందనే అంటారు. ఇరవై నిమిషాల ముందు ఆ తండ్రీకొడుకుల మీద మనకు మమకారం పుట్టాల్సిన చిన్న సన్నివేశాన్ని మీరు తీసేసి ఉంటారు. మోకాలికీ బోడిగుండుకూ ముడి పెడుతున్నట్టు అనిపిస్తుంది గానీ, ఈ పనిలో ఆ ముడి కనిపెట్టడానికే జీతం. కింద చెప్పేదంతా అక్కడికి చేరే దారి గురించే.

ముందు కళ్లు, చెవులు

మీకు బాగా తెలిసిన సినిమా ఒకటి తీసుకోండి. కొత్తదైతే కథలో పడిపోతారు, కట్లు (ఒక షాట్ ఆగి మరో షాట్ మొదలయ్యే చోట్లు) కనపడవు. ఇద్దరు ముగ్గురు కూర్చుని మాట్లాడుకునే మూడు నిమిషాల సన్నివేశం ఎంచుకోండి. ఫైట్లూ పాటలూ ఇప్పుడే వద్దు. మొదటిసారి మామూలుగా చూడండి. రెండోసారి శబ్దం తీసేసి, కట్ పడిన ప్రతిసారీ బల్ల మీద వేలితో కొట్టండి. మూడోసారి కళ్లు మూసుకుని వినండి. ఒక మనిషి మాట పూర్తికాకుండానే ఎదుటివాడి ముఖం వచ్చిందనీ, తలుపు చప్పుడు తలుపు కంటే ముందే వినిపించిందనీ అప్పుడు తెలుస్తుంది.

తర్వాత నోటుపుస్తకంలో నాలుగు గడులు గీయండి: షాట్ ఏమిటి, ఎన్ని సెకన్లు, ఎవరి మాట మీద కట్ పడింది, ఎందుకు అక్కడే పడింది. మొదటి మూడూ గుమాస్తా పని. నాలుగోదానికి వారం పట్టినా పట్టనివ్వండి. ఇలా పది సన్నివేశాలు పూర్తిచేస్తే మీకు సినిమా చూసే సుఖం కొంత పోతుంది. ఇంట్లోవాళ్లు మీ పక్కన కూర్చుని సినిమా చూడటం మానేస్తారు.

పనిముట్లు

డావిన్చీ రిసాల్వ్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌కు ఉచిత వెర్షన్ ఉంది, నేర్చుకోవడానికి అది సరిపోతుంది. పెద్ద సినిమాల గదుల్లో ఆవిడ్, టీవీ, వెబ్, ప్రకటనల వైపు ప్రీమియర్ ఎక్కువగా కనిపిస్తాయి. ఏదో ఒకటి చేతికి పట్టేదాకా నేర్చుకోండి, రెండోది నెలలో వస్తుంది. మౌసు వాడకం తగ్గించండి. జే వెనక్కి, కే ఆపడానికి, ఎల్ ముందుకి, ఐ, ఓ గుర్తులు పెట్టడానికి: ఈ ఐదు మీటలు చీకట్లోనూ వేళ్లకు తగలాలి. డబ్బు పెట్టగలిగితే గ్రాఫిక్స్ కార్డు కంటే ముందు మంచి హెడ్‌ఫోన్ కొనండి. బొమ్మలో చిన్న తప్పును ప్రేక్షకుడు క్షమిస్తాడు, శబ్దం తెగితే ఉలిక్కిపడతాడు.

అన్నం వడ్డించే సన్నివేశం

ఇంట్లోనే చేయగలిగిన అభ్యాసం ఒకటి చెబుతాను. ఒక తల్లి, ఒక కొడుకు. ఆమె అన్నం వడ్డిస్తుంటుంది. అతను ఊరు వదిలి వెళ్తున్న సంగతి ఇంకా చెప్పలేదు. మాటలు నాలుగే:

"ఇంకొంచెం పెట్టనా?"
"చాలమ్మా."
"పెరుగు వేసుకుంటావా?"
"రేపు వెళ్తున్నానమ్మా."

ఫోనుతో తీయండి. మొత్తం సన్నివేశం ఒక మాస్టర్ షాటులో, తర్వాత తల్లి ముఖం దగ్గరగా ఒక క్లోజ్, కొడుకుది ఒక క్లోజ్, గరిటె, కంచం మాత్రమే కనిపించే ఒక ఇన్సర్ట్. ప్రతిదీ మూడు టేకులు. నటులు అక్కర్లేదు, పక్కింటి పిన్ని, మీ తమ్ముడు చాలు.

మొదటి కట్‌లో అందరూ చేసే పనే మీరూ చేస్తారు: ఎవరు మాట్లాడితే వాళ్ల ముఖం. టేబుల్ టెన్నిస్ ఆటలా బంతి అటూ ఇటూ పోతుంది. తప్పులేదు, పక్కన దాచుకోండి. రెండో కట్‌లో "రేపు వెళ్తున్నానమ్మా" అన్నప్పుడు కొడుకు ముఖం చూపించకండి. తల్లి మీదే ఉండండి. అతని గొంతు మాత్రమే వినిపించాలి. పెరుగు గిన్నె వైపు వెళ్తున్న ఆమె చెయ్యి ఎక్కడో ఆగుతుంది. ఏ టేకులో బాగా ఆగిందో వెతకండి.

ఇప్పుడు అసలు సంగతి. మాట పూర్తయ్యాక ఎన్ని ఫ్రేములకు కొడుకు ముఖానికి కట్ చేస్తారు? సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు, అంటే 24 బొమ్మలు కదా. ఆరు ఫ్రేములకు, అంటే పావు సెకనుకు కట్ చేసి చూడండి: ఆమెకు ఈ సంగతి ముందే తెలుసేమో అనిపిస్తుంది. 12 ఫ్రేములు ఆగండి: ఇప్పుడే తెలిసింది, మింగుకుంటోంది. 24 ఫ్రేములు ఆగితే కోపం వచ్చిందేమో అన్న అనుమానం మొదలవుతుంది. రెండు సెకన్లు ఆగి కొడుకు ముఖం అసలు చూపించకుండా పెరుగు కంచంలో పడే ఇన్సర్టుకు వెళ్లండి: మాట్లాడాల్సింది ఇక ఏమీ లేదని తెలిసిపోతుంది. నటి అదే, టేకు అదే, మాట అదే. మీ టేకులో అంకెలు కొంచెం అటూ ఇటూ కావచ్చు, అందుకే చేసి చూడమంటున్నాను.

ఇక్కడ ఒక చిక్కు వస్తుంది. మీకు నచ్చిన టేకులో గరిటె కుడి చేతిలో ఉంటుంది, ముందు షాటులో ఎడమ చేతిలో. కొత్తవాళ్లు భయపడి, కంటిన్యుటీ (ఒక షాటుకూ మరో షాటుకూ వస్తువుల, కదలికల పొందిక) కుదిరిన నీరసమైన టేకు పెడతారు. హాలీవుడ్ ఎడిటర్ వాల్టర్ మర్చ్ మంచి కట్‌కు ఆరు కొలమానాలు చెప్పి వాటికి శాతాలు వేశాడు. భావోద్వేగానికి 51, కథకు 23, లయకు 10, ప్రేక్షకుడి చూపు తెర మీద ఎక్కడుందన్నదానికి 7, తెర మీద దిశలకు 5, చివరగా మనుషులూ వస్తువులూ గదిలో ఎక్కడెక్కడ ఉన్నాయన్నదానికి 4. గరిటె ఆ చివరి నాలుగులోకి వస్తుంది. తల్లి ముఖం 51లో ఉంది. గరిటెను వదిలేయండి. ఆ ముఖం నిజంగా పలికితే గరిటెను గమనించేది మీరూ, మీ అసిస్టెంటు డైరెక్టరూ మాత్రమే.

ఈ సన్నివేశాన్ని ఐదు రకాలుగా కట్ చేసి, అన్నీ దాచుకోండి. తర్వాత పనికొస్తాయి.

చదువుకోవాలా, చేరిపోవాలా

రెండు దారులూ ఉన్నాయి. పుణెలోని ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐ 1960లో, కోల్‌కతాలోని సత్యజిత్ రాయ్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ 1995లో మొదలయ్యాయి. రెండూ ప్రభుత్వానివే. ఎడిటింగ్‌లో మూడేళ్ల కోర్సులున్నాయి, ఏ డిగ్రీ చేసినవాళ్లైనా ప్రవేశ పరీక్ష రాయవచ్చు. సీట్లు తక్కువ. సీటు వస్తే మాత్రం వదులుకోకండి. అక్కడ దొరికేది సాఫ్ట్‌వేర్ విద్య అనుకుంటే పొరపాటు. మూడేళ్లపాటు ప్రపంచ సినిమా చూసి, తోటివాళ్లతో గొడవపడే తీరిక అక్కడ దొరుకుతుంది, ఉద్యోగంలో చేరాక అది జన్మలో దొరకదు. హైదరాబాద్‌లో అన్నపూర్ణ స్టూడియోస్ వారి కళాశాల వంటి ప్రైవేటు సంస్థలూ ఉన్నాయి. ఫీజు ఎక్కువ, కాబట్టి అక్కడ చదివిన ఇద్దరు ముగ్గురితో మాట్లాడాకే నిర్ణయించుకోండి. మూడు నెలల్లో ఎడిటర్‌ను చేస్తామనే బోర్డులు కనిపిస్తే బోర్డు చదివి ముందుకు నడవండి.

రెండో దారి గురుకులం. తెలుగు సినిమాలో ఈ విద్య చాలాకాలం ఇళ్లలోనే చేతులు మారింది. ఎడిటర్ శ్రీకర్ ప్రసాద్ తండ్రి అక్కినేని సంజీవి కూడా ఎడిటరే, ఎడిటర్ మార్తాండ్ కె. వెంకటేష్ తండ్రి కె.ఎ. మార్తాండ్ కూడా ఎడిటరే. ఇంట్లో ఎడిటర్ లేనివాళ్లు ఎడిటర్ ఇంటి తలుపు తట్టాలి, అంతే తేడా. దర్శకుడు రాజమౌళి కూడా తొలినాళ్లలో ఎడిటర్ కోటగిరి వెంకటేశ్వరరావు దగ్గర అసిస్టెంటుగా పనిచేశారు. తర్వాత ఆయన సినిమాలు చాలావాటికి ఎడిటర్ కోటగిరే.

తలుపు ఎలా తట్టాలి? మీకు నచ్చిన సినిమా చివర పేర్లు పడేటప్పుడు ఆగి, ఎడిటర్ పేరు వదిలేసి, అసోసియేట్లు, అసిస్టెంట్ల పేర్లు రాసుకోండి. ఎడిటర్ ఫోను ఎత్తరు. అసోసియేట్ ఎత్తుతాడు, కొత్త కుర్రాడి అవసరం ముందు తెలిసేది కూడా అతనికే. "సార్, అవకాశం ఇవ్వండి" అనే మాట అతను రోజుకు పదిసార్లు వింటాడు. ఆ అన్నం వడ్డించే సన్నివేశంలో రెండు రకాల కట్లు పంపి, ఏది బాగుందో చెప్పమని అడగండి. చూడటానికి రెండు నిమిషాలు చాలు, చూస్తే అభిప్రాయం చెప్పకుండా ఉండలేరు. యూట్యూబ్‌లో చేసిన హీరో మాషప్‌లు మాత్రం పంపకండి. వేగంగా కోయగలరని తెలుస్తుంది తప్ప, ఎక్కడ ఆగాలో మీకు తెలుసో లేదో తెలియదు.

అసిస్టెంటు రోజులు

చేరిన మొదటి ఆరునెలలూ మీరు ఒక్క కట్ కూడా చేయకపోవచ్చు. షూటింగ్ నుంచి మెమరీ కార్డులు, డ్రైవులు వస్తాయి. వాటిని కాపీ చేయాలి, కాపీ సరిగ్గా అయిందో సరిపోల్చాలి. మూడు కాపీలు, రెండు రకాల నిల్వల్లో, అందులో ఒకటి వేరే భవనంలో ఉండాలి. రెండు కాపీలు తనిఖీ చేశాక గానీ కార్డు ఖాళీ చేయవచ్చని యూనిట్‌కు చెప్పకూడదు. రాత్రి ఒంటిగంటకు కెమెరా అసిస్టెంటు ఫోను చేసి "కార్డు ఫార్మాట్ చేసేయమంటారా?" అని తొందరపెడతాడు. ఆ తొందరలో సరేననడం ఈ ఉద్యోగంలో చేయగలిగిన అతిపెద్ద తప్పు.

తర్వాత క్లాప్ చూసి ప్రతి టేకుకూ పేరు పెట్టడం, శబ్దాన్ని బొమ్మతో కలపడం, స్క్రిప్టు రిపోర్టులో ఓకే, ఎన్‌జీ (పనికిరాదు) గుర్తులు చూసి టేకులను సన్నివేశాల వారీగా వరసలో పేర్చి లైనప్ వేయడం. ఎన్‌జీ టేకులు పారేయకండి, అవీ చూడండి. డైలాగ్ మరిచిపోయిన నటుడు తల ఎత్తి చూసిన ఆ చూపే రేపు ఏదో సన్నివేశానికి ప్రాణం పోస్తుంది. "ఆ నాలుగో రోజు, నీలం చీర, కిటికీ వైపు తిరిగిన బిట్ ఒకటి ఉండాలి" అని ఎడిటర్ గాల్లోకి అన్నప్పుడు పది సెకన్లలో తెర మీదికి తేగలిగితే మీ చోటు ఖాయం. 35 ఎంఎం రోజుల్లో అసిస్టెంటు ఈ పని చేతులతో చేసేవాడు. అడుగుకు 16 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగులు. వెయ్యి అడుగుల రీలు 11 నిమిషాల చిల్లర. కోసిన ముక్కలను వరసగా వేలాడదీసి, నాలుగు ఫ్రేముల తుంపు కూడా ఎక్కడుందో గుర్తుపెట్టుకునేవారు. ఇప్పుడు ముక్క పోదు. కానీ ఫుటేజీ పెరిగి, దేన్నీ ఎవరూ పూర్తిగా చూడని పరిస్థితి వచ్చింది. మీరు చూడండి.

నా తప్పు ఒకటి చెప్పాలి. అసిస్టెంటుగా రెండో ఏడు. ఒక సినిమా ఐదో రీలు (సినిమాను విడదీసి పంపే ముక్కను ఇప్పటికీ రీలనే అంటాం) డబ్బింగ్‌కు పంపాను, ఫైలు పేరు "రీల్5 ఫైనల్". ఆ సాయంత్రం దర్శకుడు వచ్చి ఒక డైలాగ్ తీసేయించి, ఇంకోచోట 14 ఫ్రేములు తగ్గించారు. కొత్త ఫైలుకు "రీల్5 ఫైనల్ కొత్త" అని పేరు పెట్టి పంపాను. పాతది తీసేయమని డబ్బింగ్ థియేటర్‌కు చెప్పలేదు. మర్నాడు ఒక పెద్ద నటుడు పొద్దుటి నుంచి మధ్యాహ్నం దాకా పాత కట్‌కే డబ్బింగ్ చెప్పి, వేరే ఊరు షూటింగ్‌కు వెళ్లిపోయారు. ఆ శబ్దం తెచ్చి కొత్త రీలు మీద వేస్తే, మూడో నిమిషం నుంచి పెదాలు ఒకచోట, మాటలు ఒకచోట. మా ఎడిటర్ అరవలేదు. టీ తాగడం పూర్తిచేసి, "ఇవాళ్టి నుంచి ఈ గదిలో ఫైనల్ అనే మాట వాడొద్దు" అన్నారు.

అప్పటి నుంచి నా ఫైళ్ల పేర్లలో నాలుగే ఉంటాయి: సినిమా పొట్టిపేరు, రీలు నంబరు, వెర్షన్ నంబరు, తేదీ. వెర్షన్ నంబరు, టైమ్‌కోడ్ (గంట, నిమిషం, సెకను, ఫ్రేము చూపే అంకెలు) బొమ్మ మూలలో కూడా కనపడాలి. రీలు మొదటి ఫ్రేముకు సరిగ్గా రెండు సెకన్ల ముందు ఒక్క ఫ్రేము పొడవున బీప్ పెట్టండి, చివర కూడా ఒకటి. రెండు బీపులూ బొమ్మతో కలిస్తే మధ్యలో ఏమీ జారలేదని అర్థం. పాతదాన్ని తుడిచేశామని అవతలివాళ్లు చెప్పేదాకా కొత్తది పంపినట్టు లెక్కవేయకండి. డబ్బింగ్, రీరికార్డింగ్ (నేపథ్య సంగీతం), సీజీ (గ్రాఫిక్స్), డీఐ (రంగుల దిద్దుబాటు), మిక్సింగ్ అన్నీ మీ గది నుంచి వెళ్లిన రీళ్ల మీదే నడుస్తాయి. ఒక్క రీలు మారితే ఐదు చోట్లకు కబురు వెళ్లాలి, ఆ కబురు పంపేది మీరే.

సాయంత్రం ఎడిటర్ వెళ్లాక మెషీన్ ఖాళీగా ఉంటుంది. ఆ రోజు కట్ చేసిన సన్నివేశాన్నే మీరు వేరే టైమ్‌లైన్‌లో సొంతంగా కట్ చేసుకోండి. మర్నాడు ఎడిటర్ కట్‌తో పోల్చుకోండి. అడగకుండా మీది చూపించకండి. ఒకరోజు ఆయనే అడుగుతారు.

టీవీ వైపు

సినిమా అవకాశం వచ్చేదాకా టీవీలో ఉందామనుకుంటే మంచిదే, టీవీలోనే ఉండిపోయినా మంచిదే. డైలీ సీరియల్‌లో అరగంట స్లాటుకు ప్రకటనలు పోగా ఇరవై చిల్లర నిమిషాలు మీ చేతికి వస్తాయి. రోజుకో ఎపిసోడ్ వెళ్లాల్సిందే. సినిమాలో వారం ఆలోచించే నిర్ణయం ఇక్కడ టీ చల్లారేలోపు తీసుకోవాలి. నాటకీయత తగ్గించి చూద్దామని మీరనుకున్నా, అత్తగారి ముఖం మూడుసార్లు, మూడు ఉరుములతో పడాల్సిందేనని పైనుంచి కబురొస్తుంది. పెట్టండి. ఆ మూడింటిలో ఏ క్లోజ్ ముందు, ఏది చివర అన్నది మాత్రం మీ చేతిలో ఉంది.

వార్తల వైపు వేరే రకం. ఒక బైటు (ఎవరో మాట్లాడిన ముక్క), నాలుగు విజువల్స్, వాయిస్ ఓవర్, ఒక రిపోర్టర్ పీటీసీ (కెమెరా వైపు చూసి చెప్పే మాట): పది నిమిషాల్లో ప్యాకేజీ కావాలి. ఇక్కడ కట్‌కు బాధ్యత బరువు ఎక్కువ. నాయకుడి వాక్యాన్ని మధ్యలో తెంపితే అర్థం తిరగబడుతుంది. సీరియల్‌లో తప్పు కట్ పడితే ప్రేక్షకుడు నవ్వి ఊరుకుంటాడు, వార్తల్లో పడితే నోటీసు వస్తుంది.

సాంకేతికంగా ఒక జాగ్రత్త. మన టీవీ ప్రసారం సెకనుకు 25 ఫ్రేములు, సినిమా 24. సినిమా క్లిప్పును అలాగే 25లో నడిపిస్తే నిమిషానికి 2.4 సెకన్లు తగ్గి, గొంతు కాస్త సన్నబడుతుంది. ప్రాజెక్టు మొదలుపెట్టేముందే ఈ అంకె చూసుకోండి, మధ్యలో మార్చడం నరకం.

డబ్బు, కార్డు, పేరు

అసిస్టెంటు జీతంతో హైదరాబాద్‌లో ఒంటరిగా గది తీసుకోవడం కష్టం. కృష్ణానగర్, యూసుఫ్‌గూడ వైపు ముగ్గురు నలుగురు కలిసి ఉండటం మామూలు. ఏడాది ఖర్చు చేతిలో ఉంచుకుని రండి, లేదా పెళ్లి వీడియోలు, కార్పొరేట్ వీడియోలు రాత్రిపూట చేసుకోండి. సిగ్గుపడాల్సిన పనేమీ లేదు. సినిమా రంగంలో 24 క్రాఫ్టులు (పని విభాగాలు) అంటారు, ఎడిటింగ్ వాటిలో ఒకటి, దానికి సంఘం ఉంది. సభ్యత్వ కార్డు నియమాలు, రుసుము సంఘం కార్యాలయానికే వెళ్లి తెలుసుకోండి, మధ్యవర్తులకు డబ్బు ఇవ్వకండి.

సొంతంగా ఎడిటర్ అయ్యాక ప్రతిదీ కాగితం మీద ఉండాలి. పారితోషికం ఎన్ని వాయిదాల్లో, ఆఖరి వాయిదా ఫస్ట్ కాపీకి (పూర్తిగా సిద్ధమైన సినిమాకు) ముందా తర్వాతా, టీజర్, ట్రైలర్ ఇందులోనే కలిసిపోయాయా, తెర మీద పేరు ఎలా పడుతుంది. "మనవాళ్లే కదా" అని మొదలైన సినిమాలకే నాకు డబ్బు బాకీ ఉంది.

దర్శకుడి పక్కన కూర్చున్నప్పుడు

మొదటి కట్ చూసిన దర్శకుడు కుంగిపోతాడు. ఇది దాదాపు ప్రతి సినిమాకూ జరుగుతుంది. ఆయన మనసులో ఉన్న సినిమా వేరు, టైమ్‌లైన్‌లో ఉన్నది వేరు. ఆ రోజు వాదించకండి. మూడు రోజులాగి రెండో వెర్షన్ చూపించండి. ఆయన అడిగిన కట్ మీకు తప్పనిపించినా ముందు అడిగినట్టే చేసి చూపండి, తర్వాత మీదీ చూపండి. మాటలతో ఏ దర్శకుడినీ ఒప్పించలేరు. వర్షంలో ఎనిమిది గంటలు కష్టపడి తీసిన క్రేన్ షాటును తీసేయమని చెప్పాల్సిన రోజూ వస్తుంది. ఆ ఎనిమిది గంటలు మీకు గుర్తు రాకూడదనే షూటింగ్‌కు వెళ్లడం తగ్గించుకోమంటాను. ఆదుర్తి సుబ్బారావు దర్శకుడు కాకముందు ఎడిటరే. దర్శకత్వం మీ కోరిక అయితే ఈ కుర్చీ చెడ్డ చోటేమీ కాదు.

సెన్సార్ సర్టిఫికెట్ వచ్చాక సినిమాలో ఏది తీసినా, కలిపినా బోర్డుకు తెలియజేసి ఆమోదం పొందాలి. అందుకే ప్రతి మార్పుకూ ఏ రీలు, ఎక్కడి నుంచి ఎక్కడిదాకా, ఎన్ని సెకన్లు అనే జాబితా మీ దగ్గర సిద్ధంగా ఉండాలి. విడుదలయ్యాక అది మరీ అవసరం.

మీ సినిమా విడుదలైన శుక్రవారం పొద్దున హైదరాబాద్ ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో ఏదో ఒక థియేటర్‌కు టికెట్ కొనుక్కుని వెళ్లండి. వెనక వరసలో, అంచు సీటు తీసుకోండి. తెర చూడకండి, అది మీకు కంఠతా వచ్చు. తలలు చూడండి. నవ్వాల్సిన చోట భుజాలు కదిలాయా? ఫోన్ల వెలుగు ఎప్పుడు మొదలైంది? మొదటి వెలుగు కనపడగానే టైము చూసి టికెట్ వెనక రాసుకోండి. మధ్యాహ్నానికి నిర్మాత ఫోను చేసి, "ఆసుపత్రి సీను లాగుతోందంటున్నారు, నాలుగు నిమిషాలు తీసేద్దాం" అంటారు. సరేనని, గదికి వెళ్లి, టికెట్ తిప్పి చూసుకుని, ఆసుపత్రి ఉన్న రీలుకు ముందు రీలు తెరవండి.